డ్రమ్ముల నుండి సింథసైజర్‌కు: క్లౌస్ షుల్ట్సె సంగీత ప్రస్థానం

పాశ్చాత్య రాక్ సంగీత బృందంలో డ్రమ్ములు వాయించే కళాకారుడికి వేదికమీద దక్కేది వెనుక వరుస. గాయకుడు, గిటారు వాద్యకారుడు ముందు నిలిచి ప్రేక్షకుల దృష్టిని ఆకట్టుకుంటారు. కాలగతి తప్పకుండా బృందాన్ని నడిపించేవాడు మాత్రం వారి వెనుక, తన వాద్యాల నడుమ సగం మరుగున కూర్చుంటాడు. అటువంటి స్థానం నుండి బయలుదేరి, మొదట బృందాన్ని, పిమ్మట డ్రమ్ములను విడిచి, ఎలక్ట్రానిక్ ధ్వనులతో ఏకాంత సంగీతాన్ని నిర్మించుకున్నవాడు జర్మన్ కళాకారుడు క్లౌస్ షుల్ట్సె (1947-2022). నేడు ‘ఆంబియంట్’ అనే పేరుతో దేశదేశాల వినిపిస్తున్న మందగతి సంగీతానికి మార్గం వేసినవారిలో ఆయన ఒకరు. ఆయనను గురించి రాసినవారు 1970-72 మధ్య వచ్చిన ఈ మార్పును ఒక తెగతెంపుగా చిత్రించడం పరిపాటి. లయను వదలి ధ్వనిని వరించాడని వారి అభిప్రాయం. ఆ సంవత్సరాల రికార్డులను వరుసగా విన్నవారికి మాత్రం వేరొక సంగతి తోస్తుంది. డ్రమ్మరుగా అబ్బిన కాలజ్ఞానమే ఆయన వెంట యంత్రాల దాకా నడిచివచ్చింది. ఆ ప్రయాణానికి ఆయన ప్రతిభ ఎంత కారణమో, 1960ల చివరి పశ్చిమ బెర్లిన్ నగర పరిస్థితులు కూడా అంతే కారణం.

షుల్ట్సె 1947 ఆగస్టు 4న బెర్లిన్‌లో జన్మించాడు. అప్పటికి యుద్ధం ముగిసి రెండేళ్లు. నగరం నాలుగు విజేత రాజ్యాల అధీనంలో, శిథిలాల నడుమ ఉంది. ఆయనకు పద్నాలుగో ఏడు నిండిన కొద్ది రోజులకే, 1961 ఆగస్టులో, నగరాన్ని రెండుగా చీల్చే గోడ లేచింది. తూర్పు జర్మనీ భూభాగం మధ్య ద్వీపంలా మిగిలిపోయిన పశ్చిమ బెర్లిన్‌ను నిలబెట్టడానికి పశ్చిమ జర్మనీ ప్రభుత్వం భారీగా ఆర్థిక సహాయం అందించవలసి వచ్చింది. మిత్రరాజ్యాల ప్రత్యేక ప్రతిపత్తి కారణంగా ఆ నగరవాసులకు పశ్చిమ జర్మనీ నిర్బంధ సైనిక సేవ వర్తించేది కాదు. పరిశ్రమలు తరలిపోగా ఖాళీ అయిన భవనాలు చవకగా అద్దెకు దొరికేవి. రాత్రివేళ మధుశాలలను ఫలానా గంటకు మూసివేయాలన్న నియమం అక్కడ 1949లోనే రద్దయింది. సైన్యంలో చేరడం ఇష్టంలేని యువకులు, విద్యార్థులు, చిత్రకారులు, సంగీతకారులు దేశం నలుమూలల నుండి ఆ నగరానికి చేరుకున్నారు. 1967-68లలో విద్యార్థి ఉద్యమం ఉధృతమైనది కూడా అక్కడే. తండ్రుల తరంపై కోపం, అమెరికా, బ్రిటన్‌ల నుండి వచ్చే పాటల బాణీలను అనుకరించడంపై విసుగు, రెండూ ఆ యువతరంలో కలిసి ఉన్నాయి.

జర్మనీలో ఎలక్ట్రానిక్ సంగీతం అప్పటికే ఉంది. కొలోన్ నగరంలోని రేడియో సంస్థ 1951లోనే ఇందుకోసం ప్రత్యేక స్టూడియోను నెలకొల్పింది. హెర్బర్ట్ ఐమెర్ట్ దాని తొలి నిర్వాహకుడు. కార్ల్‌హైన్జ్ స్టాక్‌హౌజెన్ 1956లో ప్రదర్శించిన ‘గెసాంగ్ డెర్ యూంగ్‌లింగె’ అక్కడే రూపుదిద్దుకున్నది. అయితే అది విద్వాంసుల ప్రపంచం. స్వరరచనలో ఉన్నత శిక్షణ పొందినవారికే ఆ స్టూడియో తలుపులు తెరుచుకునేవి. స్వరలిపి చదవడం రాని ఒక రాక్ డ్రమ్మరు అక్కడి పరికరాలను తాకే అవకాశం లేదు. కొలోన్ స్టూడియో ఘనతను తక్కువ చేయనక్కరలేదు గాని, షుల్ట్సె వంటివారి చరిత్ర ప్రారంభమైనది అక్కడ కాదు. దానికి బెర్లిన్‌లోని రెండు చిన్న గదులు ఆధారమయ్యాయి.

మొదటిది జోడియాక్ ఫ్రీ ఆర్ట్స్ ల్యాబ్. కొన్రాడ్ ష్నిట్స్లర్, హాన్స్ యోఆఖిమ్ రోడేలియుస్ తదితరులు హాలెషెస్ ఊఫెర్ వీధిలోని షౌబ్యూనె నాటకశాల భవనంలో దీనిని నడిపారు. ఒక గదికి పూర్తిగా తెలుపు రంగు, మరొక గదికి పూర్తిగా నలుపు రంగు వేశారు. వాద్యాలు, యాంప్లిఫయర్లు అక్కడే పడి ఉండేవి. వచ్చినవారు ఏది కావాలంటే అది అందుకుని, ఎంతసేపు కావాలంటే అంతసేపు వాయించుకోవచ్చు. పాట అన్నదానికి మొదలు, చివర, చరణం, పల్లవి ఉండితీరాలన్న నిబంధన లేదు. 1969 నాటికే మూతపడిన ఈ వేదిక అల్పాయుష్షుదే అయినా, తరువాతి దశాబ్దపు జర్మన్ సంగీతకారులలో పలువురు దీని గుండా వచ్చినవారే. షుల్ట్సె అక్కడ సై ఫ్రీ అనే త్రయంలో డ్రమ్ములు వాయించేవాడు.

రెండవది విల్మెర్స్‌డోర్ఫ్ ప్రాంతంలో ఒక ప్రభుత్వ సంగీత పాఠశాలకు చెందిన గది. స్విట్జర్లాండ్ స్వరకర్త తోమస్ కెస్లర్ 1968 నుండి అక్కడ ‘ఎలక్ట్రానిక్ బీట్ స్టూడియో’ను నిర్వహించాడు. శాస్త్రీయ శిక్షణ పొందిన కెస్లర్ వీధి బృందాల పిల్లలను పిలిచి, సాధన చేసుకోవడానికి చోటిచ్చాడు. ధ్వనిని టేపుమీద ఎలా పట్టుకోవాలో, ఎలా మార్చాలో, ఏకాగ్రతతో ఎలా వినాలో నేర్పాడు. ఆజిటేషన్ ఫ్రీ, టాంజరీన్ డ్రీమ్, ఆష్ రా టెంపుల్ అనే మూడు బృందాలకు ఈ గదితో సంబంధం ఉంది. స్థానిక సంస్థ భరించిన స్వల్ప వ్యయం మీద నడిచిన ఒక సాధన గది ఇంతటి ఫలితాన్ని ఇవ్వడం సాంస్కృతిక పాలనకు సంబంధించిన వారందరూ ఆలోచించవలసిన విషయం. అక్కడ పరీక్షలు లేవు, పట్టాలు లేవు. ఉన్నది ఒక గురువు, కొన్ని పరికరాలు, తాళం తీసి ఉంచిన తలుపు.

టాంజరీన్ డ్రీమ్‌ను ఎడ్గార్ ఫ్రోజె 1967లో స్థాపించాడు. షుల్ట్సె 1969లో అందులో డ్రమ్మరుగా చేరాడు. ఆ ఏడాది అక్టోబరులో ఫ్రోజె, ష్నిట్స్లర్, షుల్ట్సెలు బెర్లిన్‌లో అద్దెకు తీసుకున్న ఒక ఫ్యాక్టరీ గదిలో రెండు ట్రాకుల టేపు రికార్డరుపై తమ సంగీతాన్ని ముద్రించుకున్నారు. 1970లో ‘ఎలక్ట్రానిక్ మెడిటేషన్’ పేరుతో విడుదలైన ఆ రికార్డులో, పేరు ఏదైనా, సింథసైజర్ లేనే లేదు. గిటారు, చెల్లో, ఆర్గన్, వింత శబ్దాలు, వాటన్నిటి కింద షుల్ట్సె డ్రమ్ములు. ఆ వాయింపు శ్రద్ధగా వినదగ్గది. చేతిలో బలం ఉంది, వేగం ఉంది. కాని నిలకడైన తాళాన్ని పట్టుకుని బృందానికి దారి చూపాలన్న తపన తక్కువ. దెబ్బల వరుసలు అలలుగా లేచి, కలిసిపోయి, ఒకే ధ్వనిగా మారిపోతుంటాయి. సింథసైజర్ చేతికి రాక మునుపే షుల్ట్సె డ్రమ్ములతో ఒక ధ్వని పటాన్ని నేయాలని ప్రయత్నించినట్లు ఆ రికార్డే సాక్ష్యమిస్తుంది.

ఆయన ఆ బృందంలో ఎక్కువ కాలం నిలవలేదు. ఇంటివద్ద ఆర్గన్ వాయించి, టేపుమీద ముద్రించి, దానిని తిరగవేసి వెనుక నుండి ముందుకు వినిపించే ప్రయోగాలు చేసేవాడు. ఆ టేపులను కచేరీలో వినిపించాలని కోరితే ఫ్రోజె అంగీకరించలేదని, డ్రమ్ములు వాయించడమా, బయటికి వెళ్లడమా తేల్చుకొమ్మన్నాడని షుల్ట్సె తరువాతి కాలపు ఇంటర్వ్యూలలో చెప్పుకున్నాడు. ఇందులో ఫ్రోజెను తప్పుపట్టడం తేలికే. కాని బృందం అంటేనే పని విభజన. డ్రమ్మరు డ్రమ్ములు మానేస్తే అది వాయించేదెవరు అన్న ప్రశ్న న్యాయమైనదే. తమాషా ఏమిటంటే, కొద్ది సంవత్సరాలకే అదే ఫ్రోజె బృందం ప్రపంచమంతటా ఎలక్ట్రానిక్ సంగీతానికి మారుపేరయింది.

1970లో షుల్ట్సె, గిటారు వాద్యకారుడు మాన్యుయెల్ గొట్షింగ్, బాస్ గిటారు వాయించే హార్ట్‌ముట్ ఎంకె కలిసి ఆష్ రా టెంపుల్‌ను నెలకొల్పారు. 1971లో వెలువడిన వారి తొలి రికార్డు రెండు వైపులా రెండే రచనలు. మొదటి దాని పేరు ‘ఆంబోస్’, అనగా కమ్మరి దాగలి. రెండవది ‘ట్రౌమ్‌మషీనె’, అనగా స్వప్నయంత్రం. మొదటి వైపు షుల్ట్సె డ్రమ్ములు నిజంగానే దాగలిమీద సమ్మెట పోట్లలా విరుచుకుపడతాయి. రెండవ వైపు చాలాసేపు తాళవాద్యమన్నది వినిపించదు. ధ్వని పొగమంచులా నెమ్మదిగా కదులుతుంది. ఒకే రికార్డు, ఒకే మనిషి. డ్రమ్మరు ఒక వైపు, రాబోయే స్వరకర్త ఒక వైపు. ఈ రికార్డు తరువాత ఆయన ఆ బృందాన్నీ వీడాడు.

1972లో వచ్చిన తొలి ఏకవ్యక్తి రికార్డు ‘ఇర్‌లిఖ్ట్’. రాత్రివేళ చిత్తడి నేలల మీద కనబడి బాటసారిని దారి తప్పించే వెలుగుకు జర్మన్ భాషలో ఈ పేరు. మన పల్లెల్లో దానినే కొరివిదయ్యం అంటారు. ఈ రికార్డును ఎలక్ట్రానిక్ సంగీత చరిత్రలో మైలురాయిగా చెబుతారు గాని, ఇందులోనూ సింథసైజర్ లేదు. షుల్ట్సెకు దానిని కొనే స్తోమత అప్పటికి లేదు. ఆయన దగ్గర ఉన్నవి ఒక చవకరకం ఎలక్ట్రిక్ ఆర్గన్, సరిగా పనిచేయని యాంప్లిఫయర్, టేపు రికార్డర్లు. బెర్లిన్‌లోని ఫ్రీ యూనివర్సిటీకి చెందిన విద్యార్థి వాద్యబృందం సాధన చేస్తుండగా ముద్రించిన టేపును ఆయన తిరగవేసి, వడపోసి, ఆర్గన్ నాదంతో కలిపాడు. తీగవాద్యాలు ఎక్కడివో గుర్తించలేనంతగా మారిపోయాయి. పాడైన యాంప్లిఫయర్ చేసే గరగర శబ్దమే ఆ ఆర్గన్‌కు వింత ప్రాణం పోసింది. మొదటి భాగం ఇరవై నిమిషాలకు పైగా సాగుతుంది. అందులో తాళం లేదు. అయినా కాలం ఉంది. ఒక నాదం పుట్టి, పెరిగి, తన పక్కన మరొక నాదానికి చోటిచ్చి తప్పుకోవడానికి ఎంత వ్యవధి కావాలో ఆయనకు తెలుసు. కీబోర్డు విద్య క్రమపద్ధతిలో నేర్చినవాడు స్వరాలు మార్చాలన్న ఆతురతతో చేయి ఊరికే ఉంచలేడు. వేచి ఉండటం డ్రమ్మరుకు వృత్తిధర్మం.

మన శ్రోతలకు ఈ సంగీతం వినగానే తంబూరా నాదం, తాళం లేని ఆలాపన గుర్తుకు రావడం సహజం. పోలిక కొంతవరకే చెల్లుతుంది. ఆలాపన రాగానికి కట్టుబడి, ఒక్కొక్క స్వరం మీద నిలిచి, రాగస్వరూపాన్ని విప్పుతుంది. షుల్ట్సె రచనలో విప్పవలసిన రాగం లేదు. నాదపు రంగు, దట్టత, దూరం మారుతుంటాయి. ఆయనకు పూర్వీకులెవరని అడిగితే వాగ్నర్ పేరు చెప్పవలసి ఉంటుంది. రాగసంగీతంతో వంశబంధాన్ని కల్పించడం సముచితం కాదు. 1960ల చివర పాశ్చాత్య యువతలో భారతీయత పేరిట ప్రబలిన వేలంవెర్రిలో ఇటువంటి బంధుత్వాలు చాలా పుట్టాయి. వాటిలో నిలిచినవి కొద్ది.

ఆ వెంటనే జరిగిన సంగతులు తెగతెంపు వాదాన్ని బలహీనపరుస్తాయి. ‘ఇర్‌లిఖ్ట్’ వెలువడిన సంవత్సరమే, డిసెంబరులో, షుల్ట్సె తిరిగి ఆష్ రా టెంపుల్‌తో కూర్చుని డ్రమ్ములు వాయించాడు. 1973లో ‘జాయిన్ ఇన్’ పేరిట వెలువడిన ఆ రికార్డులో ఒక వైపు డ్రమ్ములు, మరొక వైపు సింథసైజర్, రెండూ ఆయనవే. 1975 నాటి ‘పిక్చర్ మ్యూజిక్’లో ‘మెంటల్ డోర్’ అన్న రచనకు స్వయంగా డ్రమ్ములు జోడించాడు. మధ్యలో 1973లో రెండు రికార్డుల సంపుటిగా ‘సైబోర్గ్’ వచ్చింది. బ్రిటన్‌లో తయారైన ఒక చిన్న సింథసైజర్ అప్పటికి ఆయన చేతికి అందింది. నాలుగు వైపులా నాలుగు రచనలు, ఒక్కొక్కటి ఇంచుమించు ఇరవై అయిదు నిమిషాలు. ఓపిక లేని శ్రోతను ఈ సంపుటి వేధిస్తుందన్న మాట నిజం.

సీక్వెన్సర్ అనే పరికరం గురించి ఇక్కడ కొంత వివరంగా చెప్పుకోవాలి. డ్రమ్మరును, యంత్రాన్ని కలిపిన కీలు అదే. రాబర్ట్ మోగ్ అమెరికాలో 1964లో రూపొందించిన సింథసైజర్ పెద్ద బీరువా వంటిది. విద్యుత్ ప్రకంపనలను పుట్టించే భాగాలు, వాటిని వడపోసే భాగాలు విడివిడిగా ఉంటాయి. వాటిని తీగలతో కలిపి కావలసిన ధ్వనిని తయారుచేసుకోవాలి. దీనికి తోడైనది సీక్వెన్సర్. మోగ్ సంస్థ తయారుచేసిన సీక్వెన్సర్‌లో వరుసకు 8 చొప్పున మూడు వరుసల మరలు ఉంటాయి. ఒక్కొక్క మరను తిప్పి ఒక్కొక్క స్వరస్థాయిని నిర్ణయిస్తే, యంత్రం మొదటి మెట్టు నుండి ఎనిమిదవ మెట్టు దాకా వాటిని వరుసగా పలికించి, మళ్లీ మొదటికి వస్తుంది. ఎనిమిది అక్షరాల ఆది తాళ ఆవర్తనానికి అలవాటుపడిన చెవికి ఇది కొత్తగా తోచదు. ఆవర్తనం మారదు, దాని లోపల ఒత్తిడి ఎక్కడ పడుతుంది, ఏ మెట్టు మౌనం వహిస్తుంది, వేగం ఎప్పుడు సన్నగా పెరుగుతుంది అన్నవి కళాకారుడి చేతిలో ఉంటాయి. అంటే ఇది స్వరాలను పలికే తాళవాద్యం. కీబోర్డు వాద్యకారుల కంటె డ్రమ్మర్లు దీని మర్మాన్ని ముందుగా గ్రహించడంలో వింత లేదు.

షుల్ట్సె వెళ్లిపోయిన పిమ్మట టాంజరీన్ డ్రీమ్‌లో డ్రమ్మరు స్థానానికి వచ్చిన యువకుడి కథ దీనికి బలమైన నిదర్శనం. క్రిస్టఫర్ ఫ్రాంకె 1953లో జన్మించాడు. ఆజిటేషన్ ఫ్రీ బృందంలో డ్రమ్ములు వాయిస్తూ, కెస్లర్ గదిలో శిక్షణ పొందినవాడు. టాంజరీన్ డ్రీమ్‌లో చేరేనాటికి ఇరవై ఏళ్లు నిండలేదు. అతడు కూడా కొద్ది కాలంలోనే డ్రమ్ములను పక్కకు నెట్టి మోగ్ సీక్వెన్సర్ ముందు కూర్చున్నాడు. 1973 చివర ఇంగ్లండులో ముద్రించి, 1974 ఫిబ్రవరిలో విడుదల చేసిన ‘ఫీడ్రా’లో గుండె చప్పుడులా కొట్టుకునే మంద్రస్వరాల వరుస ఫ్రాంకె చేతి పనే. యంత్రం వేడెక్కే కొద్దీ దాని శ్రుతి మెల్లగా జారిపోయేది. శీర్షిక రచనలో ఆ జారుడు కూడా అలాగే ముద్రితమై ఉంది. ఆ రికార్డు బ్రిటన్ విక్రయాల పట్టికలో 15వ స్థానానికి చేరింది. ఒకే బృందంలో ఒకరి తరువాత ఒకరుగా వచ్చిన ఇద్దరు డ్రమ్మర్లు ఒకే దారి పట్టడం యాదృచ్ఛికమనుకోవడం కష్టం.

షుల్ట్సె సీక్వెన్సర్‌ను ప్రధానంగా చేపట్టిన తొలి రచన 1975 నాటి ‘టైమ్‌విండ్’. దీనిని వాగ్నర్‌కు అంకితం చేశాడు. ఒక వైపు ‘బైరాయిట్ రిటర్న్’, రెండవ వైపు ‘వాన్‌ఫ్రీడ్ 1883’. వాన్‌ఫ్రీడ్ బైరాయిట్‌లో వాగ్నర్ నివాసగృహం, 1883 ఆయన మరణించిన సంవత్సరం. మొదటి రచన సుమారు అరగంట పాటు ఒకే స్పందన మీద నడుస్తుంది. ఆ స్పందన ఒక్క క్షణం కూడా ఒకేలా ఉండదు. ఫ్రాన్సులోని అకాడెమీ చార్ల్ క్రో సంస్థ ఈ రికార్డుకు పురస్కారం ఇవ్వడంతో షుల్ట్సె పేరు జర్మనీ కంటె ఫ్రాన్సులో ఎక్కువగా మారుమోగింది. స్వదేశంలో ఈ తరం సంగీతానికి గౌరవం ఆలస్యంగానే దక్కింది.

మరుసటి ఏడు, 1976లో, ‘మూన్‌డాన్’. పోపోల్ వూ బృందనాయకుడు ఫ్లోరియన్ ఫ్రికె దగ్గర కొన్న పెద్ద మోగ్ సింథసైజర్‌ను షుల్ట్సె తొలిసారి ఇందులో వాడాడు. ఆ యంత్రం చేతికి రాగానే ఆయన చేసిన పని గమనార్హం: ఒక డ్రమ్మరును పిలిపించాడు. వాలెన్‌స్టైన్ బృందానికి చెందిన హరాల్డ్ గ్రోస్‌కొప్ఫ్ రెండు వైపులా డ్రమ్ములు వాయించాడు. సీక్వెన్సర్ ఆవర్తనం ఒక వైపు తప్పకుండా సాగుతుంటే, మనిషి చేతులు దానికి కొంచెం ముందుగానో, కొంచెం వెనుకగానో పడుతుంటాయి. ఆ సన్నని ఎడంలోనే ‘మూన్‌డాన్’ జీవం ఉంది. తాను స్వయంగా వాయించగలిగి కూడా మరొకరికి ఆ స్థానం ఇవ్వడంలో షుల్ట్సె వివేకం కనిపిస్తుంది. యంత్రాన్ని నడిపేవాడు, దానికి బదులు చెప్పేవాడు ఒకే మనిషి అయితే ఆ సంభాషణ పుట్టదు. గ్రోస్‌కొప్ఫ్ ఆపైన తానూ సింథసైజర్ వైపు మళ్లి 1980లో ‘సింథసిస్ట్’ అనే ఏకవ్యక్తి రికార్డును వెలువరించాడు. జపాన్ తాళవాద్యకారుడు స్తోము యమాష్తా 1976లో సమీకరించిన ‘గో’ బృందంలో షుల్ట్సెకు పరిచయమైన మైఖేల్ ష్రీవ్ కూడా డ్రమ్మరే. 1969లో వుడ్‌స్టాక్ ఉత్సవంలో శాంటానా బృందంతో డ్రమ్ములు వాయించి ఇరవై ఏళ్ల వయసులోనే పేరు పొందినవాడు. ష్రీవ్ 1984లో షుల్ట్సె తోడ్పాటుతో ‘ట్రాన్స్‌ఫర్ స్టేషన్ బ్లూ’ అనే ఎలక్ట్రానిక్ రికార్డు చేశాడు.

యంత్రం డ్రమ్మరుకు చేసిన మేలు ఇది. కీడు మరొక వైపు నుండి వచ్చింది. 1980లో అమెరికాలో లిన్ సంస్థ, జపాన్‌లో రోలాండ్ సంస్థ తెచ్చిన డ్రమ్ యంత్రాలు రికార్డింగు స్టూడియోలలో డ్రమ్మరు కుర్చీకే ఎసరు పెట్టాయి. తెలుగు చలనచిత్ర సంగీతానికి చాలాకాలం నిలయమైన మద్రాసులోనూ ఈ మార్పు తెలియనిది కాదు. ఇళయరాజా 1986లో ‘పున్నగై మన్నన్’ (తెలుగు అనువాదం ‘డాన్స్ మాస్టర్’) చిత్రానికి కంప్యూటర్ సీక్వెన్సర్ సహాయంతో పాటలు రూపొందించారు. తొంభయ్యవ దశకం ముగిసేసరికి తబలా, ఢోలక్, డ్రమ్ము కళాకారులు పదుల సంఖ్యలో ఒకేచోట కూర్చుని వాయించే పాటలు అరుదైపోయాయి. కీబోర్డు ప్రోగ్రామర్ అనే కొత్త ఉద్యోగి స్టూడియోలో ప్రవేశించాడు. బెర్లిన్‌లో డ్రమ్మరు తానే యంత్రం దగ్గరకు నడిచి వెళ్లి కూర్చున్నాడు. మద్రాసులో చాలామంది వాద్యకారులకు యంత్రం మరొకరి చేతిలో ఉండగా ఎదురైంది. యంత్రం ఒకటే అయినా ఫలితం వేరు కావడానికి కారణం, దానిని తాకి, తప్పులు చేసి, నేర్చుకునే చోటు ఒకరికి దొరికి మరొకరికి దొరకకపోవడమే.

అటువంటి చోటు భారతదేశంలో ఒకప్పుడు లేకపోలేదు. షుల్ట్సె టాంజరీన్ డ్రీమ్‌లో డ్రమ్ములు వాయిస్తున్న 1969లోనే అహ్మదాబాద్‌లోని జాతీయ డిజైన్ సంస్థలో మోగ్ సింథసైజర్‌తో ఒక ఎలక్ట్రానిక్ సంగీత స్టూడియో వెలసింది. అమెరికన్ సంగీతకారుడు డేవిడ్ ట్యూడర్ దానిని ఏర్పరచడంలో తోడ్పడ్డాడు. 1972 వరకు అక్కడ పనిచేసినవారిలో గీతా సారాభాయ్, ఐ.ఎస్. మాథుర్, అతుల్ దేశాయ్, ఎస్.సి. శర్మ, జినరాజ్ జోషీపురా ఉన్నారు. వీరిలో గీతా సారాభాయ్ (1922-2011) పఖావజ్ విద్వాంసురాలు. మగవారి సొత్తుగా భావించిన ఆ వాద్యాన్ని గోవిందరావు బుర్హాన్‌పూర్కర్ వద్ద అభ్యసించారు. 1946లో న్యూయార్క్ వెళ్లి, స్వరకర్త జాన్ కేజ్‌కు భారతీయ సంగీతం బోధించి, బదులుగా ఆయన వద్ద పాశ్చాత్య స్వరరచన నేర్చుకున్నారు. ధ్రుపద సంప్రదాయపు తాళవాద్యం తెలిసిన ఆమె, షుల్ట్సెకు సింథసైజర్ దక్కే నాటికే మోగ్ ముందు కూర్చుని టేపుమీద రచనలు ముద్రించారు. ఆమెకు ఉన్న లయజ్ఞానం బెర్లిన్ యువకులెవరికీ లేదని చెబితే అతిశయోక్తి కాదు.

కాని ఆ స్టూడియో వెనుక బెర్లిన్‌లోని జోడియాక్ వంటి బహిరంగ వేదిక లేదు, రికార్డులు అచ్చువేసే సంస్థలు లేవు, కచేరీలు లేవు. విదేశీ నిపుణుడు వెళ్లిపోయాక, కొన్ని సంవత్సరాల ఉత్సాహం తరువాత, ఆ పని ఆగిపోయింది. టేపులు సంస్థ భాండాగారంలో ఉండిపోయాయి. బ్రిటన్‌కు చెందిన కళాకారుడు, పరిశోధకుడు పాల్ పర్గస్ వాటిని వెలికితీసి, 2020లో బి.బి.సి. రేడియో కార్యక్రమం ద్వారా, 2023లో ‘ద ఎన్.ఐ.డి. టేప్స్’ సంకలనం ద్వారా లోకానికి వినిపించాడు. గీతా సారాభాయ్ అప్పటికి కీర్తిశేషురాలు. టేపులు చెడిపోకుండా మిగలడం అదృష్టం. వాటిని విని ముందుకు సాగవలసిన ఒక తరం యాభై ఏళ్ల పాటు వాటి ఉనికినే ఎరుగదు.

షుల్ట్సె తరువాతి జీవితంలో ఉన్నతశిఖరం 1978 నాటి ‘ఎక్స్’. నీచె, ట్రాకెల్, క్లైస్ట్ మొదలైన ఆరుగురి పేర్లతో ఆరు సంగీత చిత్రాలు అందులో ఉన్నాయి. వోల్ఫ్‌గాంగ్ టీపోల్డ్ చెల్లో, గ్రోస్‌కొప్ఫ్ డ్రమ్ములు యంత్రాలతో సమానంగా నిలిచిన రచన అది. బ్రయన్ ఈనో ‘ఆంబియంట్’ అన్న మాటను తన విమానాశ్రయ సంగీతానికి శీర్షికగా వాడింది కూడా ఆ ఏడే. ఈనో సంగీతం వినేవాడి పరిసరాలలో కలిసిపోవాలని కోరుకుంటుంది. షుల్ట్సె సంగీతం వినేవాడిని ఆ పరిసరాల నుండి లాగివేస్తుంది. ఇద్దరినీ ఒకే గాటన కట్టడం జాబితాలు రాసేవారికి మాత్రమే సౌకర్యం. 1980లో ‘డిగ్ ఇట్’తో డిజిటల్ పరికరాలకు మారిన తరువాత ఆయన రచనలు విపరీతంగా పెరిగాయి, ఎంపిక తగ్గింది. 2000లో వెలువడిన ఒక్క సంపుటిలోనే 50 సీడీలు ఉన్నాయి. అందులో ఎన్ని మళ్లీ వినదగ్గవి అని అడిగితే అభిమానులు కూడా తడుముకుంటారు. 1994 నుండి 2008 వరకు పీట్ నామ్‌లుక్‌తో కలిసి చేసిన రికార్డుల పరంపర, 2008లో గాయని లిసా జెరార్డ్‌తో చేసిన ‘ఫార్‌స్కేప్’ మాత్రం ఆయన చెవి మొద్దుబారలేదని నిరూపించాయి.

ఫ్రాంక్ హెర్బర్ట్ నవల ‘డ్యూన్’ పేరిట ఆయన 1979లోనే ఒక రికార్డు చేశాడు. ఆ నవల ఆధారంగా 2021లో వచ్చిన చలనచిత్రానికి సంగీతం కూర్చిన హాన్స్ జిమ్మర్, అందులో ఒక రచనకు షుల్ట్సె పూర్వపు బాణీని ఆధారం చేసుకున్నాడు. ఆ ప్రోత్సాహంతో, అనారోగ్యంలోనూ, షుల్ట్సె ‘డెయుస్ అరాకిస్’ అనే చివరి రికార్డును పూర్తిచేశాడు. 2022 ఏప్రిల్ 26న మరణించాడు. రికార్డు జూలై 1న విడుదలయింది. నలభై ఏళ్ల పైబడిన స్నేహితుడు టీపోల్డ్ చెల్లో అందులో వినిపిస్తుంది.